పందులు తొక్కని చేను

రాచర్ల అవతల, నల్లమల పాదం దగ్గర బాలయ్యకు మూడెకరాల వేరుశనగ చేను ఉంది. తండ్రి నుంచి వచ్చిన పాత తుపాకీ ఉంది. పంట ఉన్నన్నాళ్ళూ సాయంత్రం చేనికి పోయి, మంచె ఎక్కి, గుండు వేయకుండా ఒట్టి మందే దట్టి ఆకాశంలోకి ఒక్కటి పేల్చి, ఇంటికొచ్చి హాయిగా నిద్రపోతాడు. పొద్దెక్కాక పోయి చూస్తే ఒక్క చెట్టు కదిలి ఉండదు.

ఆ చప్పుడు కొండకు తగిలి తిరిగొస్తుంటే ఆయన ఒళ్ళు తేలిపోయేది. ఎక్కడో పొదల్లో ముసలి పంది పిల్లల్ని చుట్టూ కూర్చోబెట్టుకుని, "అది బాలయ్య చేను, అటు పోకండిరా" అని బుద్ధి చెబుతున్నట్టు ఊహించుకుని తనలో తనే నవ్వుకునేవాడు. అరవై దాటిన మనిషికి ఇవేం ఊహలని మనం అనుకోవచ్చు గానీ, పొద్దు గూకే వేళ కొండ నీలంగా కరిగిపోతుంటే ఎవరికైనా ఇట్లాంటివే తోస్తాయి.

లైసెన్సు గడువు తీరింది. విచారణకు వచ్చిన కానిస్టేబుల్, "పందుల బెడద ఉందా పెద్దాయనా?" అని అడిగాడు. ఉందని ఒక్క మాట అంటే పోయేది. మన బాలయ్య ఊరుకుంటాడా! మీసం దువ్వి, "నా చేలో ఒక్క పందిని కాలు పెట్టమను చూద్దాం. ముప్పై ఏండ్లాయె, ఒక్క చెట్టు పోలేదు" అన్నాడు. కానిస్టేబుల్ ఉన్నదున్నట్టు రాసుకుపోయాడు. నెల తిరక్కుండా కాగితం వచ్చింది. పందుల బెడద లేదు గనుక తుపాకీ అవసరం లేదట, రెన్యువల్ కుదరదట, తుపాకీ స్టేషన్లో అప్పగించాలట.

అప్పగించి వచ్చిన రోజు నుంచి బాలయ్య సగమైపోయాడు. కంచం ముందు కూర్చుని కొండవైపే చూసేవాడు. తుపాకీ బాలయ్య అని పిలిచిన ఊళ్ళో ఉత్త బాలయ్యగా బతకడం ఆయన వల్ల కాలేదు. గిద్దలూరు ప్లీడరు సాయినాథ్ చేత అప్పీలు వేయించాడు.

"పందులొస్తాయని చెప్పు మామా, చాలు" అన్నాడు సాయినాథ్.

"రానివాటిని వస్తాయని ఎట్ల చెప్పేది?" అన్నాడు బాలయ్య.

వాయిదా నాడు భార్య గురమ్మ కూడా వెంట వచ్చింది. అప్పీలు వినే అధికారిణి కాగితాలు తిప్పి, "పందులు రావని మీరే చెప్పారు కదా?" అంది.

"తుపాకీ ఉండబట్టే రాలేదమ్మా."

"తుపాకీ లేని ఈ మూడు నెలల్లో వచ్చాయా మరి?"

బాలయ్య నిజాయితీగా ఆలోచించాడు. "లేదమ్మా, ఒక్క చెట్టు పోలేదు."

సాయినాథ్ తల పట్టుకున్నాడు. అప్పీలు కొట్టేయడానికి అధికారిణి కలం అందుకుంది.

"వచ్చినాయమ్మా" అంది గురమ్మ, గోడ పక్క నుంచి లేచి. "ఆ తుపాకీ పేల్చినప్పుడూ వచ్చినాయి. అప్పుడు నాలుగు సాళ్ళు తినేటివి, ఇప్పుడు పది తింటాండాయి. తెల్లారకముందే నేను పోయి, పీకిన చెట్లు ఏరి బర్రెకేసి, గుంతలు పూడ్చి వస్తా. ఆయన గట్టు మీంచే చూసి పోతాడు."

"మీ ఆయనకు చెప్పలేదా?"

"ఎట్ల చెప్పేదమ్మా? అది పేల్చొచ్చి పసిపిల్లోడి లెక్క నిద్రపోతాడు."

బాలయ్యకు తన చేను, మంచె, కొండ అన్నీ ఎవరో చెప్పిన కథలాగా తోచాయి. గురమ్మ వేళ్ళు చూశాడు. గోళ్ళ సందుల్లో ఎర్రమన్ను. రోజూ ఆ చేత్తోనే అన్నం పెడుతుంటే ఒక్కనాడైనా చూడనందుకు సిగ్గేసింది, ఏడుపొచ్చింది.

"ఈమె చెప్పింది నిజమేనా?" అడిగింది అధికారిణి. "మీరు కూడా చెబితే రాసుకుంటాను."

ముప్పై ఏళ్ళ మాట వెనక్కి తీసుకోవాలి, అదీ పదిమంది ముందు. బాలయ్య గొంతు సవరించుకున్నాడు.

"పందులొస్తాయమ్మా. నాకు తెల్వదు. ఆమెకు తెల్సు."

రెన్యువల్ చేయమని అధికారిణి రాసిచ్చింది. వరండాలోకి వచ్చాక గురమ్మ భయంగా, "కోపమొచ్చిందా?" అని అడిగింది.

"రేపు నన్ను గూడా లేపు" అన్నాడు బాలయ్య.

గురమ్మ కొంగుతో కళ్ళొత్తుకుంది. "నువ్వు లెయ్యలేవులే" అంది.