ఓనర్ తీయించిన పద్దెనిమిది ఫోటోలు

దయ్యాలు, ఆత్మలు అంటే నాకు నవ్వొచ్చేది. నేను టైలర్‌ని. టేపు పెట్టి కొలిచిందే నిజమనుకునే మనిషిని. ఇప్పుడు కూడా దయ్యాలున్నాయని చెప్పడం లేదు. మా కేసులో జరిగింది జరిగినట్టు చెబుతాను.

శంషాబాద్ బజారులో మాకో మల్గి ఉంది. మల్గి అంటే షట్టర్ వేసిన ఒక్క గది, అంతే. మా నాన్న, మేం బాపు అంటాం, బట్టలు కుట్టడానికి దాన్ని కిరాయికి తీసుకునేనాటికి ఇక్కడ ఎయిర్‌పోర్టు లేదు. అది వచ్చాక ఓనర్‌కి ఆ జాగాలో లాడ్జి కట్టాలన్న ఆశ పుట్టింది. రెండుసార్లు ఖాళీ చేయమన్నాడు. నెలనెలా కిరాయి కట్టేవాణ్ణి సరైన కారణం లేకుండా వెళ్లగొట్టడానికి చట్టం ఒప్పుకోదని బాపుకి తెలుసు. కదల్లేదు.

బాపుకి ఒక అలవాటు ఉండేది. ప్రతి శనివారం షట్టర్ మీది కొక్కానికి నిమ్మకాయ, మిరపకాయలు కట్టేవాడు. అందరూ ఇనుప తీగకు గుచ్చుతారు. ఆయన సూదితో దారానికి గుచ్చి, ముడి జారకుండా కింద ఒక తెల్ల చొక్కా గుండీ వేసేవాడు. శంషాబాద్ మొత్తంలో అట్లా కట్టేవాళ్లు ఇంకొకరు లేరు. "నిమ్మకాయకి కూడా అంగీ కుడుతున్నవా బాపూ" అని ఎగతాళి చేసేవాణ్ణి.

ఆయనకు పక్షవాతం వచ్చింది. కుడిచెయ్యి పూర్తిగా పడిపోయింది. మల్గికి తాళం వేసి, సిటీలో దవాఖానలో దగ్గర దగ్గర మూడు నెలలు ఆయన మంచం పక్కనే ఉన్నాను. బాపు దక్కలేదు. మా సొంతూరు కొత్తూరు పక్కన. అక్కడ కర్మలు చేసి అమ్మ దగ్గరే ఉండిపోయాను. కిరాయి ఫోన్‌లోనే పంపేవాణ్ణి గానీ, షట్టర్ ఎత్తి బాపు లేని మిషన్‌ని చూడడానికి మనసు రాలేదు. ఇంకో నెలన్నర అట్లాగే గడిచింది.

అప్పుడు నోటీసు వచ్చింది. సరైన కారణం లేకుండా వరసగా నాలుగు నెలలు వాడకుండా వదిలేస్తే కిరాయిదారుని ఖాళీ చేయించవచ్చని అదే చట్టంలో ఉందట. ఎద్దు పుండు కాకికి ముద్దా అంటారు కదా, ఓనర్ ఆ కాకి పనే చేశాడు. ప్రతి ఆదివారం ఒక మనిషిని మా షట్టర్ ముందు నిలబెట్టి, తారీఖు తెలియాలని చేతిలో ఆరోజు పేపర్ పెట్టి ఫోటో తీయించాడు. పద్దెనిమిది ఫోటోలు.

మా వకీలమ్మది రాజేంద్రనగర్. బాపు బతికున్నన్నాళ్లకి దవాఖాన కాగితాలు చూపించవచ్చు, తరువాతి నెలన్నరకే జవాబు లేదంది. ఫోటోలు తిరగేస్తూ ఒక్కసారి ఆగింది.

"అన్నా, గీ నిమ్మకాయ ఎవరు కట్టిండ్రు? అన్నిట్ల తాజాగ ఉన్నది!"

చూశాను. పద్దెనిమిదింటిలోనూ మిరపకాయలు పచ్చగా ఉన్నాయి. కింద తెల్ల గుండీ. చివరి ఆరు ఫోటోలు బాపు పోయాక తీసినవి. భయమేసింది, దాచుకోవడం దేనికి. గుండీల డబ్బా మల్గి లోపలుంది. తాళంచెవి నా జేబులో ఉంది.

"నాకు తెల్వదమ్మా" అన్నాను.

"తెల్వదంటే మల్గి పోతదన్నా. మనోళ్లే కట్టిండ్రంటే వదిలేసినట్టు కాదు. మంచిగ యాది చేసుకో."

పక్కన పూలమ్మే ఆమెను అడిగాను. "పొద్దుగాల నేనొచ్చేసరికే కట్టి ఉంటుండె బిడ్డా. నువ్వే వచ్చిపోతున్నవనుకున్న" అంది. బజారంతా అడిగాను. మేం కట్టలేదంటే మేం కట్టలేదన్నారు.

విచారణ రోజు ప్రమాణం చేయించారు. ఫోటోల్లోని తాజా నిమ్మకాయల్ని మా వకీలమ్మ చూపించింది. ఓనర్ వకీలు సూటిగా అడిగాడు. "మీరు లేనప్పుడు అవి ఎవరు కట్టారు?"

మా వకీలమ్మ నన్నే చూస్తోంది. తెలియదంటే బాపు ముప్పై ఏళ్లు కూర్చున్న చోటు పోతుంది.

"మా ఇంటి మనిషే సార్" అన్నాను.

పేరేమిటని ఆయన అడగలేదు. అడిగి ఉంటే ఏం చెప్పేవాణ్ణో నాకు తెలియదు.

కేసు కొట్టేశారు. తాళం వేసినంత మాత్రాన వదిలేసినట్టు కాదు, ఎవరో కనిపెట్టుకునే ఉన్నారని ఓనర్ ఫోటోలే చెబుతున్నాయని తీర్పులో రాశారు. ఓనర్ మొహం చూడాల్సింది.

వకీలమ్మ దగ్గర ఫోటోలు చూసిన వారం నుంచి నిమ్మకాయ నేనే కడుతున్నాను. తీర్పు వచ్చాక మాత్రం ఒక శనివారం కావాలనే కట్టలేదు. తెల్లారకముందే వచ్చి, పూలమ్మే ఆమె స్టూలు మీద చీకటి పడేదాకా కూర్చున్నాను. ఎవరూ రాలేదు. కొక్కెం ఖాళీగానే ఉంది. అంత పెద్దవాణ్ణి, ఏడ్చేశాను.

మరుసటి వారం మళ్లీ కట్టాను. గుండీ వేసే కట్టాను. ప్రమాణం చేసి నేను చెప్పింది అబద్ధమో నిజమో ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.