పొగ ఇంట్లో ఫిల్ము డబ్బాలు

మాటల సినిమాలు వచ్చిన కొత్తలో, బంటింగ్ ఊరి దగ్గర, మేం ఓడెక్కి కూలికొచ్చిన రబ్బరు తోటకు ఒక చెక్ దేశపు దొర సినిమా తీయడానికి వచ్చాడు. కథ రాసేదీ ఆయనే, తీసేదీ ఆయనే. ఆయన దిగిన బంగళా ఊడ్చే పని నాది. అడిగినా అడక్కపోయినా సాయం చేసేయడం నా జబ్బు.

వానలు పట్టుకున్నాయి. దొర బూట్లకు పచ్చగా బూజు పట్టింది. మంచం కింద చూస్తే ఆయన తీసిన ఫిల్మంతా రేకు డబ్బాల్లో ఉంది. దొర క్లాంగ్ పట్నం వెళ్ళాడు. మా తోటలో తడి తగలకూడనిది ఏదైనా పొగ ఇంట్లో పెడతాం. రబ్బరు షీట్లను సెగ పెట్టి ఆరబెట్టే గది అది. మా ఎండుచేపలూ, ఒకసారి నా పెళ్ళి చీరా అక్కడే ఆరాయి. డబ్బాలు తట్టకెత్తి తీసుకెళ్ళి షీట్ల కింద పేర్చి వచ్చాను. మెచ్చుకుంటాడనే అనుకున్నాను.

దొర వచ్చి మంచం కింద చూసి, నావైపు చూశాడు. నేను పొగ ఇంటివైపు చెయ్యి చూపించాను. అంత పెద్దమనిషి బురదలో పడుతూ లేస్తూ పరుగెత్తాడు. వెనకాలే మా తెలుగు కిరాణీ, అంటే తోట గుమాస్తా.

"ఏటి సేసినావే తల్లీ. సెగ తగిలితే అది బగ్గుమంటాది" అన్నాడు.

నేనూ వాళ్ళ వెనకే పరుగెత్తాను. నిప్పు వేసేది మా ఆయన. వేయాల్సిన వేళ దాటి గంటయింది. వెళ్ళేసరికి ఆయన గడప మీద కూర్చుని ఉన్నాడు, చేతిలో అగ్గిపెట్టె.

"మావా, నిప్పేసినావా?"

"నేదే. కర్రలు తడిసిపోనాయి. సుట్ట కాల్సుకొని ఏద్దారని."

పదేళ్ళుగా ఏ బద్ధకాన్ని తిడుతున్నానో ఆ బద్ధకానికే ఆ రోజు దండం పెట్టాను.

దొర డబ్బాలన్నీ బయటకు తెచ్చుకుని వాటి పక్కనే చతికిలబడ్డాడు. నన్ను తిట్టలేదు. కిరాణీతో మెల్లగా ఏదో చెప్పాడు. మూకీల రోజుల్లో ఆయనకు మంచి పేరట. మాటలొచ్చాక తీసిన రెండూ పోయాయట. ఇదీ పోతే ఆయనకు ఇంకెవరూ సినిమా ఇవ్వరట. డబ్బాలు ముందురోజు సెగకు వెచ్చగానే ఉన్నాయి. బొమ్మలు నిలిచాయో లేదో వాళ్ళ దేశం వెళ్ళి ఫిల్ము కడిగితేగానీ తెలియదన్నాడు.

తెలియగానే ఉత్తరం రాస్తానని చెప్పి దొర ఓడెక్కాడు. నాకు అన్నం సయించడం మానేసింది. ఒక మనిషి బతుకును తట్టకెత్తుకెళ్ళి పొయ్యిలో పెట్టానే అని ఒకటే బాధ. ఉత్తరం వచ్చిందా అని కిరాణీ ప్రాణం తోడేశాను.

మళ్ళీ వానలు మొదలయ్యాక వచ్చింది. "బొమ్మలు బాగా వచ్చినాయంట. జనం సూసినారంట. ఇంకో సినిమా కూడా ఇచ్చినారంట లా" అన్నాడు కిరాణీ, ఈ దేశం వాళ్ళ అలవాటుగా చివర 'లా' తగిలిస్తూ. మళ్ళీ మళ్ళీ చదివించుకున్నాను. గుండెల మీంచి బండ దిగినట్టయింది.

మా ఆయనకు చెబుదామని పొగ ఇంటికి పరుగెత్తాను. ఆయన నిప్పు వేయబోతూ, నేలమీద బోర్లా పడుకుని షీట్ల కింద చెయ్యి పెట్టి తడుముతున్నాడు.

"ఏటి మావా, ఏం పోనాది?"

"ఏటీ నేదే. ఆ దినం నుంచి రోజూ సూసేకే ఎలిగిస్తన్నాను" అన్నాడు.