పేరు బాగాలేని సొరచేప

నా పేరు ఇక్కడ రాయను. పెంటకుప్ప మీద నుంచి తీసిన పేరని చెబితే మా వైపు వాళ్ళకు అర్థమైపోతుంది. మిగతా వాళ్ళ కోసం చెబుతాను. మేము అమ్మను అవ్వ, నాన్నను బాపు అంటాం. నాకంటే ముందు మా అవ్వకు ఇద్దరు పుట్టి, ఇరవై ఒకటో రోజున పేరు పెట్టకముందే పోయారు. మూడోదాన్ని నేను. అలాంటి ఇంట్లో పుట్టిన పిల్లను తీసుకెళ్ళి పెంట మీద పడుకోబెడతారు. ఎవరో ఒకరు దారిన పోతూ దొరికినట్టు ఎత్తుకుంటారు. తల్లి వెళ్ళి చాటెడు తవుడిచ్చి కొనుక్కుంటుంది. తర్వాత ఆ పిల్లకు పెంట పేరే పెడతారు. ఇంత హీనమైనదాన్ని పైవాడు మాత్రం తీసుకెళ్ళి ఏం చేసుకుంటాడని లెక్క. నన్ను ఎత్తుకున్నది పక్కింటి పెద్దమ్మ. నా మీద ముద్దొచ్చినప్పుడు, ఆ తవుడు తిరిగిచ్చి పిల్లను తీసుకుపోతానని అవ్వను బెదిరించేది. కోపమొచ్చినప్పుడు, తనకు తవుడే నయమనేది.

ఎల్లారెడ్డి బడిలో నేను పదో తరగతికి వచ్చింది రెండు వేల పన్నెండులో. మా తరగతిలో ఆడపిల్లల పేర్ల చివర శ్రీలూ లతలూ ప్రియలూ ఉండేవి. హాజరు పిలుస్తూ క్లాసు సారు నా దగ్గరికి రాగానే వెనక బెంచీలో అందరికీ ఒకేసారి దగ్గు వచ్చేది. ఎనిమిదిలో దానికి ఏడ్చాను. తొమ్మిదిలో ఒకమ్మాయి జడ పట్టుకుని గుంజాను. పదిలో ఆ రెండూ అవసరం లేని దారి ఒకటి కనిపించింది. పరీక్షలకు పేర్లు పంపే ముందు, పేరులో మార్పులేమైనా ఉంటే ఇప్పుడే చెప్పాలని, మెమో మీద పడ్డ పేరు చచ్చేదాకా వదలదని సారు చెప్పాడు. ఒక కాగితం నింపి, తల్లిదో తండ్రిదో సంతకం తెస్తే చాలు.

కొత్త పేరు నా దగ్గర తయారుగా ఉంది. మూడక్షరాలు. ఏడాది నుంచి రఫ్ నోటు చివరి పేజీల్లో దానితో సంతకాలు చేసి చూసుకుంటున్నాను. బాపు కోతల కాలంలో వరికోత మిషన్ వెంట బీర్కూర్ వైపు పోయి నెలకోసారి ఇంటికి వచ్చేవాడు. వచ్చినా ఇలాంటి విషయాల్లో అవ్వ మాటే తన మాట అనేవాడు. కాబట్టి అవ్వనే అడిగాను. అవ్వ బీడీలు చేసేది. చాట ఒళ్ళో పెట్టుకుని, తల ఎత్తకుండా, మొత్తం విన్నది.

“గా పేరుతోనే నువ్వు బతికి బట్టకట్టినవు. ఇప్పుడు తీసేస్తె, ఏమన్న అయితె ఎవ్వలు జిమ్మేదారు? మీ సారా?”

సారు దేనికీ జిమ్మేదారీ తీసుకోడని నాకూ తెలుసు. తరగతిలో సుద్దముక్కలు పోయినా ఆయనకు సంబంధం ఉండేది కాదు. చదువుకున్నదాన్ని కాబట్టి, పేరుకూ ప్రాణానికీ ఏ సంబంధమూ లేదని అవ్వకు చాలాసేపు వివరించాను. అవ్వ ఈలోపు రెండు కట్టలు చుట్టింది.

ఆ రోజుల్లోనే ఈ సొరచేప నా నెత్తిన పడింది. మా సైన్సు సారు రోజూ కామారెడ్డి నుంచి బస్సులో వచ్చేవాడు. కామారెడ్డిలో సైన్సు ప్రదర్శన జరగబోతోందని, మా బడి తరఫున సముద్ర జీవుల చార్టులు పెడదామని ఆయనే నిర్ణయించాడు. సముద్రాన్ని చూసిన మనిషి మా బడిలో ఒక్కరూ లేరు, సారుతో సహా. మాకు తెలిసిన పెద్ద నీళ్ళంటే నిజాంసాగర్. తిమింగలం, డాల్ఫిన్, ఆక్టోపస్ పలుకుబడి ఉన్నవాళ్ళు పంచుకున్నాక నాకు మిగిలింది ఇది. నెట్ సెంటర్లో తీయించిన నలుపు తెలుపు బొమ్మ. సిరా అయిపోయినట్టుంది, తోక దగ్గర సగమే పడింది.

సన్నగా, పొడవుగా, బూడిద రంగులో ఉంటుంది. ముక్కు ముందుకు సాగి ఉంటుంది. న్యూజిలాండ్ చుట్టుపక్కల, వెలుతురు చేరని లోతులో తిరుగుతుంది. దాన్ని పట్టాలని ఎవరూ వల వేయరు. వేరే చేపల కోసం వేసిన వలలో పడితే పడుతుంది. మా అంగట్లో కొర్రమట్టల పక్కన పెడితే, బేరం కాదు కదా, ఇదేం చేప అని కూడా ఎవరూ అడగరు.

దాని పేరు సంగతి సారు కాగితం చూసి చెప్పాడు. ఇంగ్లీషులో ఏదో మాయల కథ ఉందట. అందులో చీకట్లో నీళ్ళ పక్కన ఒంటరిగా బతుకుతూ, పచ్చి చేపలు తింటూ, చిక్కి శల్యమైపోయిన ఒక జీవి ఉందట. ఆ కథ చదివిన శాస్త్రవేత్త ఒకాయన ఈ చేపను చూసి, ఆకారమూ అలవాట్లూ కలిశాయని ఆ జీవి పేరే దీనికి పెట్టాడట. ఆ పేరు కూడా ఇక్కడ రాయను. నాది దాచుకుని దానిది బయటపెడితే బాగుండదు.

నాకు ఒళ్ళు మండింది. ఎక్కడో లోతున తన తిండి తాను తింటూ ఎవరి జోలికీ పోని చేపకు, కథలు చదువుకునే తీరిక ఉన్న మనిషి ఒకడొచ్చి ఎవరికీ గిట్టని జీవి పేరు తగిలించి పోయాడు. ఇక లోకంలో ఎన్ని పుస్తకాలు అచ్చయినా అదే పేరు. ఆ చేప మీద నాకు నిజంగా జాలేసింది. ఆ జాలిలో ఎక్కువ భాగం నా మీదేనని ఇప్పుడు తెలుసు.

ఆ సాయంత్రం చార్టు అవ్వ ముందు పరిచి, పేరు కథంతా చెప్పాను. అడగకుండా పెట్టిన పేరు ఎంత అన్యాయమో చేపను చూసైనా అర్థమవుతుందని నా ఆశ. అవ్వకు ఆ శాస్త్రవేత్త చాలా నచ్చాడు.

“దానికంటె ముందుగాల పుట్టినయి సచ్చిపోయినయేమో. అందుకే గట్ల పెట్టిండు. సమజున్న మనిషి.”

న్యూజిలాండ్‌లో అలాంటి ఆచారాలు ఉండవని చెప్పాను.

“అక్కడ పిల్లలు సావరా?”

అవ్వ మాట తప్పని రుజువు చేసి తీరాలని మర్నాడు సారును పట్టుకుని, ఈ చేప పిల్లల సంగతి కావాలన్నాను. చార్టులో అంత చోటు లేదని ఆయన విసుక్కున్నాడు. అయినా రెండు రోజులకు నెట్ సెంటర్ నుంచి అరఠావు కాగితం తెచ్చి చదివాడు. ఈ చేప కడుపులో గుడ్ల సంచులు ఉంటాయట. ఒక్కో సంచిలో బోలెడన్ని గుడ్లు ఉంటాయి. వాటిలో ఒక్కటే పిల్ల అవుతుంది. మిగతావన్నీ పగిలి, ఆ పిల్లకు తిండి అవుతాయి. సారు చదవడం ఆపి, చాలా విచిత్రంగా ఉందన్నాడు. నాకు విచిత్రంగా ఏమీ లేదు. వాదనలో ఓడిపోయినట్టుంది, అంతే.

ఒకరోజు ఓర్చుకున్నాను. తర్వాత నా వల్ల కాలేదు, అవ్వకు చెప్పేశాను. అవ్వ అప్పుడు కత్తెరతో తునికాకు కత్తిరిస్తోంది. ఆ చెయ్యి ఆగింది. మిగిలినవన్నీ ఏమైతాయని అడిగింది. నేను ప్రదర్శనలో జడ్జీల ముందు నిలబడ్డట్టు చేతులు కట్టుకుని, మిగిలినవి పగిలిపోతాయని, ఉన్న ఒక్కటీ వాటిని తిని పెరుగుతుందని అప్పజెప్పాను. అవ్వ కత్తెర పక్కన పెట్టి, రొట్టెలు చెయ్యాలంటూ లోపలికి పోయింది. చాలాసేపటి దాకా లోపల పిండి డబ్బా మూత తీసిన చప్పుడు కూడా రాలేదు. ఆ మాట ఎవరితో అన్నానో అప్పుడు బుర్రకెక్కింది. హాజరు పిలిచేటప్పుడు పడ్డ సిగ్గంతా కలిపినా ఆ సాయంత్రం పడ్డ సిగ్గులో సగం కాదు.

అయితే ఆ సిగ్గు నన్ను మర్నాటి పని నుంచి ఆపలేదు. పేరు మార్పు కాగితం తీసుకుని, కామారెడ్డి పోవడానికి బడి వాళ్ళు అనుమతి అడుగుతున్నారని చెప్పి అవ్వ చేతికిచ్చాను. అవ్వ మహిళా సంఘంలో సంతకం పెట్టడం నేర్చుకుంది. అంతకు మించి చదువు రాదని నా నమ్మకం. నేను బోరింగు దగ్గరికి పోయి రెండు బిందెలు తెచ్చేసరికి కాగితం మీద సంతకం ఉంది, అక్షరానికీ అక్షరానికీ మధ్య బోలెడంత ఖాళీతో. మోసం ఇంత సులువని ముందే తెలిస్తే ఏడాది ముందే మొదలుపెట్టేదాన్ని కదా అనుకున్నాను. కాగితం ఆ రోజే క్లాసు సారుకు ఇచ్చేశాను.

ప్రదర్శన నాలుగు రోజుల తర్వాత. ముందురోజు సాయంత్రం నుంచే ఒళ్ళు వెచ్చగా ఉంది. చెబితే పంపరని చెప్పలేదు. కామారెడ్డిలో ఒక పెద్ద బడి హాలులో చార్టులు తగిలించి నిలబడ్డాం. నా చార్టు కింద కొత్త పేరు రాసుకున్నాను. ముగ్గురు జడ్జీలు వచ్చారు. ఎంత లోతులో ఉంటుంది, ఏం తింటుంది అని అడిగారు, చెప్పాను. వాళ్ళలో పెద్దాయన, దీనికి ఈ పేరు ఎందుకొచ్చిందమ్మా అని అడిగాడు. అసలు జవాబు నాకు కంఠతా వచ్చు. కానీ తల తిరుగుతోంది, నోరు తన దారిన తాను పోయింది.

దీనితోపాటు ఉన్నవన్నీ పోయాయి సార్, ఇదొక్కటే మిగిలింది, ఇదైనా బతకాలని ఇలాంటి పేరు పెట్టారు అన్నాను.

మిగతా ఇద్దరూ మొహాలు చూసుకున్నారు. పెద్దాయన మాత్రం నవ్వలేదు. అక్కడ కూడా అంతేనా అని అడిగాడు. అక్కడ కూడా పిల్లలు చస్తారు కదా సార్ అన్నాను. ఆయన తలూపి, కాగితంలో ఏదో రాసుకుని, పక్క చార్టుకు కదిలాడు. నా వెనక మా సారు సీలింగు ఫ్యాన్ వంక చూస్తూ నిలబడ్డాడు. మొదటి బహుమతి సోడాతో అగ్నిపర్వతం పొంగించిన పిల్లలకు పోయింది. నాకు ప్రోత్సాహక బహుమతిగా ఒక జామెట్రీ బాక్సు వచ్చింది. ఆ పెద్దాయనదీ తవుడిచ్చి కొన్న పేరేనని సారు తర్వాత ఎప్పుడో చెప్పాడు.

బాక్సు తీసుకోవడానికి నేను లేను. అప్పటికే చార్టు కిందే కూలబడిపోయాను. సారు ఆటోలో సర్కారు దవాఖానాకు తీసుకెళ్ళి, పక్కింటి పెద్దమ్మ వాళ్ళ సెల్లుకు ఫోన్ చేశాడు. అవ్వ వచ్చేదాకా బల్ల మీద పడుకుని లెక్క వేశాను. కాగితం ఇచ్చింది సోమవారం. జ్వరం వచ్చింది గురువారం. పేరుకూ ప్రాణానికీ సంబంధం లేదని అవ్వకు పాఠం చెప్పిన నోటితోనే, మధ్యాహ్నానికల్లా పోచమ్మకూ ఎల్లమ్మకూ మొక్కేశాను. చచ్చిపోతానని నిజంగా భయం వేసింది. పేరు తీసేసుకుని, నేనిక్కడ ఉన్నానని నా అంతట నేనే పైవాడికి చెయ్యెత్తి చూపించినట్టు అనిపించింది.

అవ్వ చేస్తున్న పని చేస్తున్నట్టే వదిలి వచ్చింది, చేతులు తంబాకు వాసన వస్తున్నాయి. నన్ను భుజానికి ఆనించుకుని చీటీల కిటికీ దగ్గర వరసలో నిలబడింది. లోపలి మనిషి పేషెంటు పేరేమిటని అడిగాడు. అవ్వ చెప్పింది. ఒక్కో అక్షరాన్నీ విడివిడిగా, తప్పు పోకుండా, కొత్త పేరు.

నేను కళ్ళు తెరిచాను.

“అవ్వా, పాతదే చెప్పు.”

కిటికీ లోపలి మనిషి ఏదో ఒకటి తేల్చమన్నాడు. అవ్వ మళ్ళీ కొత్త పేరే చెప్పి, చీటీ తీసుకుని, నన్ను బల్ల మీద కూర్చోబెట్టింది. నువ్వు నీళ్ళకు పోయినప్పుడు ఆ కాగితం కూడబలుక్కుని మొత్తం చదివిన అంది. నాకు మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. అవ్వ నా మొహం చూడలేదు, చీటీ వంకే చూస్తూ మాట్లాడింది.

“గా చేపకు పేరు ఎవలో ఎనుక పెట్టిండ్రు. పేరు పెట్టకముందు గూడ అది బతికే ఉండె గద. నువ్వు గూడ గంతే, నీ అంతల నువ్వే బతికినవు.” చీటీని నాలుగు మడతలు పెట్టింది. “ముందటి ఇద్దర్ని పెంట మీద ఎయ్యకపోతి, ఏస్తె బతుకుదురని ఇన్నేండ్లు నన్ను నేనే తిట్టుకున్న బిడ్డా.”

పదిహేనేళ్ళుగా ఆ పేరును నా మీద వేసిన బరువనుకున్నాను. అందరూ నన్ను ఆ పేరుతో పిలిచినప్పుడల్లా అవ్వకు ఏం వినిపించేదో నేను ఎన్నడూ ఆలోచించలేదు. అక్కడే, అందరి ముందూ, వెక్కి వెక్కి ఏడ్చాను. ఏడిస్తే జ్వరం ఎక్కువైతదని అవ్వ కసిరింది.

మూడు రోజులు వార్డులో ఉన్నాం. పేపర్లలో విషజ్వరం అని రాసే జ్వరమట, సెలైన్లతో తగ్గింది. అవ్వకు ధైర్యం ఏమీ వచ్చెయ్యలేదు. ఆ మూడు రోజులూ గంటకోసారి నా ముక్కు కింద వేలు పెట్టి చూసింది. నాలుగో రోజు పొద్దున నర్సమ్మ గుమ్మంలో నిలబడి, ఇంటికి పంపేవాళ్ళ పేర్లు పిలవడం మొదలుపెట్టింది. ఒక పేరు రెండుసార్లు పిలిచింది, ఎవరూ లేవలేదు. మూడోసారి గట్టిగా పిలిచింది. ఎవరి పిల్లో, ఇంత చెవుడేమిటని నేను అటూ ఇటూ చూశాను. అవ్వ కూడా చూసింది. తర్వాత ఉలిక్కిపడి, నన్ను మోచేత్తో పొడిచింది.

“నిన్నే పిలుస్తున్రు. లే.”