అమావాస్య నాడు మోగిన మగ్గం

అమీర్‌పేటలో మెట్రో మెట్లకు దగ్గర్లోనే మా కుట్టు దుకాణం. నేను బ్లౌజులు కుడతాను. డెబ్బై దాటిన మా అమ్మ పంజాగుట్ట షాపుల్లో కొన్న చీరలకు ఫాల్ వేస్తుంది. మొన్న మధ్యాహ్నం గిరాకీ లేక, అందరూ చూడమంటున్న ఓ దయ్యాల సిరీస్ మొదటి భాగం ఫోన్లో పెట్టాను.

మొదలే నన్ను పట్టేసింది. చిన్న ఊరు, వాన వెలిసిన బస్టాండు, సోడా బండి, ఎవరింట్లోనో రేడియో. ఆ రేడియో టక్కున ఆగిపోగానే, తాళం వేసిన ఇంట్లోంచి మగ్గం చప్పుడు. దయ్యాన్ని చూపించనే లేదు. ఆ ఊరు మనదే అనిపించాక చప్పుడొక్కటి చాలని తీసినవాళ్ళకు తెలుసు. నాకు కళ్ళు చెమర్చాయి, ఎందుకంటే అది నా కథ.

మాది నేతగాళ్ళ ఊరు. మా ఇంట్లో మగ్గం మీద మగవాళ్ళే కూర్చోవాలి, ఆడవాళ్ళు నూలు కండెలు చుట్టివ్వాలి. అమావాస్య నాడు మాత్రం మగ్గాన్ని ఎవరూ ముట్టరు. నాకు తొమ్మిదేళ్ళప్పుడు ఓ అమావాస్య మధ్యాహ్నం బడి నుంచి ముందే వచ్చేశాను. మగవాళ్ళంతా గుడికి పోయారు. మూసి ఉన్న మగ్గం గదిలోంచి చప్పుడు. తొంగిచూసే ధైర్యం నాకెక్కడిది? గుడిదాకా ఒకటే పరుగు. తాతకు చెప్పాను, దారిలో కనబడ్డవాళ్ళందరికీ చెప్పాను. నా నోట్లో నువ్వుగింజ నానదని అప్పటికే పేరు. నెల తిరక్కముందే తాత మగ్గం ఊడదీయించాడు. ఆ తర్వాత మేం పట్నం వచ్చేశాం. ఆ దయ్యం కథ చెప్పి ఎన్ని పెళ్ళిళ్ళలో ఎంతమందిని నా చుట్టూ కూర్చోబెట్టుకున్నానో.

"మన దయ్యం ఇట్ల నేయలేదమ్మా," అన్నాను ఫోన్ చూపిస్తూ. "ఇది ఆగకుండ నేస్తుంది. మనది మూడు దెబ్బలు కొట్టి ఆగుతుండె, మల్ల మూడు."

అమ్మ సూది మీంచి తల ఎత్తలేదు.

"మూడు కాదు బిడ్డా, నాలుగు. నాలుగో దెబ్బకు పోగు తెగుతుండె."

ఫోన్లో ఎవరో అరిచారు. దాన్ని ఆపేశాను.

"నువ్వా అమ్మా?"

"అమావాస్య నాడే గదా మగ్గం ఖాళీగ ఉండేది. ఇంకెప్పుడు నేర్చుకోవాలె?"

నాకు సిగ్గేసింది. నలభై ఏళ్ళుగా గొప్పలు పోతూ చెప్పిన కథలో, నేను ఊడబెరికించింది అమ్మ కూర్చున్న మగ్గాన్ని.

"మరి తాతకు చెప్పకపోయినవా?"

"చెప్తే? కోడలు మగ్గం ముట్టిందని ఇంటింట అనుకుందురు. దయ్యమంటేనే జర నయమనిపించింది."

"ఎంత నేసినవమ్మా?"

సూదిని చీరకు గుచ్చి, బొటనవేలూ చిటికెనవేలూ చాచి చూపించింది.

"జానెడు. ఎప్పుడు నేసినా వాళ్ళు వచ్చేలోపల విప్పేస్తుంటి. ఆ దినం నువ్వు ఉరికినవు, విప్పనీకి టైమ్ దొరకలే. అది చూసే మీ తాత దయ్యమని నమ్మిండు. కోసి పొయ్యిల ఏసిండు."

నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను. నా వైపు చూడకుండానే ఇంకో మాట అంది.

"ఆ దినమే అంచు సక్కగ వచ్చింది."