కుదుపు తీయని బొమ్మ

ఎడమ చేత్తో చొక్కా గుండీలు పెట్టుకుంటూ, కుడి చేత్తో చాచి పట్టుకున్న కెమెరాతో తనను తానే వీడియో తీసుకుంటున్నాడు. కుడి చెయ్యి వణుకుతోంది. అందుకే కెమెరా ఆ చేతికిచ్చాడు. అందులో కుదుపు తగ్గించే ఏర్పాటు ముందే ఆపేశాడు. మూడో గుండీకి నాలుగు నిమిషాలు పట్టింది.

పాతికేళ్ళు పెళ్ళి ఫొటోలు తీశాడు. మసక వెలుతురులోనూ స్టాండు వాడేవాడు కాదని తోటివాళ్ళు అతనికే స్టాండు అని పేరు పెట్టారు. చివరి పెళ్ళిలో ఒక్క ఫొటో నిలకడగా రాలేదు. తాగి వచ్చాడని పెళ్ళికూతురి తండ్రి అందరి ముందూ అని, హాల్లోంచి పంపేశాడు. అది పార్కిన్సన్ జబ్బని నెల తర్వాత తేలింది. వీధిలో మాత్రం మొదటి మాటే మిగిలింది. చెప్పబోతే జనం తలూపుతూనే నోటి వాసన పసిగట్టబోయేవాళ్ళు.

నోటితో చెప్పి లాభం లేదని బొమ్మ తీయడం మొదలుపెట్టాడు. పక్క వీధి నాటకాల హాలువాళ్ళు వేస్తామన్నారు. తెర మీద బొమ్మ నడుస్తుంటే తను పక్కన నిలబడి మాట్లాడాలి. పెళ్ళికూతురి తండ్రినీ పిలిచాడు. వస్తానన్నాడు.

ఎడిటింగ్ మేనకోడలిది. ప్రదర్శన రోజు పొద్దున్నే అతన్ని కూర్చోబెట్టి చూపించింది.

"ఎక్కడైనా కదిలిందేమో చూడు మావయ్యా. రెండు రోజులు కూర్చున్నా."

నాలుగు అంచులూ కాస్త కోసి కుదుపంతా తీసేసింది. తెర మీద ఎవరో తాపీగా చొక్కా తొడుక్కుంటున్నాడు.

"బాగుందమ్మా. మరి నా జబ్బేదీ?"

ఆమె మొహం పాలిపోయింది. కంప్యూటర్లో చోటు చాలక అసలువి చెరిపేసిందట. కెమెరా కార్డులో ఉన్నవి కూడా. కదిలిన ఫొటో ఫొటోయే కాదని ఆమెకు నేర్పింది తనే.

మూడు గంటలకల్లా హాల్లో కార్డు ఇవ్వాలి. పొద్దుటి మాత్ర పనిచేస్తోంది, చెయ్యి బుద్ధిగా ఒళ్ళో పడుకుంది. వణుకు కోసం ఎదురుచూడటం అతనికి ఇదే మొదలు. మధ్యాహ్నం మాత్ర వేళకు భార్య నీళ్ళగ్లాసుతో వచ్చింది. వద్దన్నాడు.

"పోయినసారి మానేస్తే గుమ్మంలో గంటసేపు గుంజలా నిలబడిపోయారు. మళ్ళీ నేను లాగలేను."

"వేసుకుంటే వణకదు. వణక్కపోతే తాగుబోతునే."

"అనుకోనివ్వండి."

"నువ్వు అనుకోవు కాబట్టి నీకు తేలిక."

ఆమె గ్లాసు పట్టుకుని అక్కడే నిలబడింది.

రెండు దాటాక వేళ్ళు కదిలాయి. కెమెరా అందుకున్నాడు. మొదటి గుండీ పడింది. రెండోదీ పడింది. మూడోదాని దగ్గర ఎడమ చెయ్యి బిగుసుకుపోయింది. వేళ్ళ మధ్య గుండీ ఉంది, ఎదురుగా కాజా ఉంది, చెయ్యి మాట వినదు. అయిపోయింది, ఇక రాదు అనుకున్నాడు. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. భార్య ఒక అడుగు ముందుకు వేసింది. ముట్టుకోవద్దని కళ్ళతోనే చెప్పాడు. ఆరు నిమిషాలు ఆ గది మొత్తం కెమెరాలో ఊగింది, ఒక అంచున ఆమె చేతిలోని నీళ్ళతో సహా.

కెమెరా జారింది. పక్కనే ఉన్న మేనకోడలు కింద పడనివ్వలేదు. భార్య అతని దవడ పట్టుకుని మాత్ర నోట్లో వేసింది.

మేనకోడలు ముందొక ముక్క, వెనకొక ముక్క కోసి, మధ్యలో వేలు పెట్టలేదు.

మూడింటికి ఐదు నిమిషాలు ఉందనగా ఇద్దరూ చెరో రెక్క పట్టుకుని అతన్ని హాలుకు నడిపించారు. మాత్ర ఇంకా ఎక్కలేదు. లోపల ఆపరేటరు అరచెయ్యి చాచాడు.

"కదులుతోందని సరిచెయ్యకు," అన్నాడు స్టాండు.

గోరంత కార్డు, ఆ అరచేతి మీదుగా అటూ ఇటూ పోతోంది గానీ దిగడం లేదు. ఆపరేటరు రెండో చెయ్యి కూడా కలిపి దోసిలి పట్టాడు. కార్డు అందులో పడింది. చొక్కా మూడో గుండీ ఇంకా తెరిచే ఉంది.