మచ్చ కనబడితేనే జోకు

ఎక్స్‌రే ఆపరేటరు నోట్లోంచి మాట ఊడిపడడం కష్టం. ఛాతీని చల్లటి పలకకి ఆనించమంటాడు, "ఊపిరి బిగబట్టండి... వదలండి" అంటాడు, ఫిల్ముని లైటుకి ఎత్తి చూస్తాడు. శుభ్రంగా ఉంటే తలుపు వైపు గడ్డం ఎగరేస్తాడు, అంతే. మచ్చ కనబడితేనే జోకేస్తాడు: "మనిషి ఆయుష్షెంతండీ! నేను బిగబట్టమనడానికీ వదలమనడానికీ మధ్యున్నంత. అందులోనే పెళ్లి, పిల్లలు, మోకాళ్ల నొప్పులూ!" పాపం, వాళ్లు పగలబడి నవ్వుతారు. "డాక్టరు దగ్గరికెళ్లేలోపు ఒక్కసారి నవ్వాలి కదే" అని ఈ గుట్టు భార్యకొక్కదానికే చెప్పుకున్నాడు.

నెల్లాళ్లుగా దగ్గుతున్న ఆ భార్యే ఇవాళ ఆ పలక ముందు నిలబడింది. అతను ఫిల్ముని చాలాసేపు చూశాడు. ఆవిడ అతని గడ్డాన్నే చూస్తోంది. అది కదల్లేదు.

"మనిషి ఆయుష్షెంత..." అని మొదలుపెట్టి ఆగిపోయాడు.

"ఆపేశారేం?" అంది ఆవిడ. "మోకాళ్ల నొప్పుల దాకా చెప్పండి. నవ్వుతాను."