ఐరాల ఆవిడ పెట్టిన ఇంగ్లీషు పరీక్ష

సముద్రాలు దాటిన సాహసగాథ చెబుతాను, సర్దుకుని కూర్చోండి. నిజానికి తిరుపతిలో బస్సెక్కి చిత్తూరులో దిగాను, అంతే.

విజయనగరం నుంచి రైల్లో తిరుపతి వచ్చి, అంతదూరం వెళ్ళింది స్పోకెన్ ఇంగ్లీషు నేర్పే ఉద్యోగానికి, ఇంటర్వ్యూ కోసం. ఒకేలా వినిపించే మాటలకు నిఘంటువులో ఉన్న అర్థాలూ, కుర్రాళ్ళ వాడుకలో ఉన్న అర్థాలూ బట్టీ పడుతుంటే, పక్కసీటులో ఉన్న, చిత్తూరు దగ్గర ఐరాల ఊరి పెద్దావిడ పుస్తకం లాక్కుంది.

"ఇట్లియ్యప్పా, నేనడుగుతా. మా కూతురి పాపను రోజూ నేనే పాఠాలడిగేది."

ఆవిడకు ఇంగ్లీషు రాదు. ఏదో ఒక మాట మీద వేలు పెడుతుంది, నేను చదివి అర్థాలు చెప్పాలి.

"క్రష్ అంటే నలపడం. వాడుకలో, మనసుపడ్డ మనిషి."

"సరే. ఇది?"

"క్రాష్. కూలిపోవడం. వాడుకలో..." గుర్తు రాలేదు. "పెళ్ళి చెడిపోవడం."

"తప్పు."

"మీకెలా తెలిసిందండీ?"

"తెలీనప్పుడు మా పాప గూడా ఇట్లే కిటికీలోంచి బయటికి సూస్తాది. తెలీకుంటే తెలీదని సెప్పు నాయనా, ఏం పోతాది?"

పుస్తకంలో చూస్తే, దొరికినచోట పడి నిద్రపోవడం అని ఉంది. చిత్తూరు వచ్చేదాకా ఆవిడ వదల్లేదు. నన్నంత ఓపిగ్గా చదివించిన మనిషి ఇంకొకరు లేరు.

ఇంటర్వ్యూలో ఒక మాటకు అర్థం తెలియదని సూటిగా చెప్పేశాను. ఉద్యోగం ఇచ్చారు. ఆదివారాలు కూడా క్లాసులుంటాయి.